పెళ్ళికొడుకు పట్టుకున్న కార్డు

క్లెమెంటి, సింగపూర్
4 ఫిబ్రవరి 2024

పెద్దమ్మకి,

కిందటి రెండు ఫోన్లూ పోట్లాటతోనే ముగిశాయి కాబట్టి నువ్వన్నట్టే ఉత్తరం రాస్తున్నాను. కాగితం మీద అయితే ఒకరు మాట్లాడుతుంటే ఇంకొకరు అడ్డుపడరు, అంతవరకు లాభమే. నా చేతిరాత చూసి నవ్వకు. పదో తరగతి తర్వాత తెలుగులో ఇంత పొడుగు రాయడం ఇదే.

ముందు ఇంటి సంగతి. క్లెమెంటిలో గది దొరికింది. యూనివర్సిటీకి బస్సులో పావుగంట. ఇంటాయన రాజారావు అంకుల్, రాజమండ్రి వాళ్ళు. ఫోన్లో నా తెలుగు విని "మన అమ్మాయివే కదా, ఎప్పుడైనా వచ్చి చేరిపో" అన్నాడు. తీరా పెట్టెలతో గుమ్మంలో నిలబడితే నా జుట్టు చూశాడు, రంగు చూశాడు, "గది నిన్ననే ఇంకొకరికి ఇచ్చేశామమ్మా" అన్నాడు. లోపలి నుంచి వాళ్ళావిడ గీతాంజలి ఆంటీ "ఎవరికిచ్చారండీ, నాకు తెలీకుండా?" అని అడిగింది. ఆయన పక్కకి జరిగి నా పెట్టెలకి దారిచ్చాడు. అలా చేరాను. ఇప్పుడు ఇంటికొచ్చిన ప్రతివాళ్ళకీ నన్ను చూపించి "యాక్చువల్లీ హైదరాబాదే" అంటున్నాడు. ఆ యాక్చువల్లీ వినలేక ఎవరైనా వస్తే గదిలోనే ఉండిపోతున్నాను.

ఇక అసలు విషయం. చదువు ముగిసేలోగా ఒక సినిమా తీసి చూపించాలి. ఇరవై నిమిషాలు. ప్రయోగాత్మక చిత్రం. కథ ఉండదు, విడమర్చి చెప్పే గొంతూ ఉండదు. ఫిలిం మీద సూదితో గీస్తాను, ఆముదం రాస్తాను, కొన్ని చోట్ల తెరంతా నల్లగా వదిలేసి మర్ఫా డప్పుల దరువు మాత్రం వినిపిస్తాను. నాన్న వాళ్ళ తాతముత్తాతలు ఆఫ్రికా నుంచి వచ్చి నిజాం గుర్రపుదళంలో పనిచేశారని, ఆ దళం పేరే ఏసీ గార్డ్స్ పేటకి మిగిలిందని నీకు నేను చెప్పక్కర్లేదు. కానీ ఇక్కడ చెప్పాల్సి వచ్చింది. ముగ్గురు ప్రొఫెసర్లు కూర్చున్నారు. ఒకావిడ "నువ్వు ఇండియన్‌వి కదా, బ్లాక్ అని ఎలా అంటావు?" అంది. ఇంకొకాయన "ఇది నీ అనుభవమా, లేక నీ రిసెర్చా?" అన్నాడు. ట్రైనులో నా పక్క సీటు ఖాళీగా వదిలేసి నిలబడే వాళ్ళకి మాత్రం ఇలాంటి అనుమానాలు రావు.

నాన్న పోయేనాటికి నాకు నాలుగేళ్ళు. ఆయన ఫోటోలు ఐదున్నాయి. ఐదింట్లోనూ కళ్ళూ పళ్ళూ తప్ప ముఖం తెలియదు. 1990లో వాళ్ళ పెళ్ళిని నువ్వు ఫిలిం మీద తీశావని అమ్మ ఒక్కసారి అంది. చూపించమంటే "ఆ డబ్బా మీ పెద్దమ్మ దగ్గరే ఉండనీ" అని మాట తప్పించింది. అమ్మ కూడా పోయి రెండేళ్ళయింది. ఆ డబ్బా నాకు పంపు. మే 18న ప్రదర్శన. కదిలే నాన్న నాకు గుర్తే లేడు. ఆయన ముఖం లేకుండా ఈ సినిమా నాకు వద్దు.

అమూల్య


కృష్ణానగర్, హైదరాబాద్
20 ఫిబ్రవరి 2024

అమ్మా అమూల్యా,

నీ చేతిరాత చూసి నవ్వలేదు. కోడి కాళ్ళకి సిరా పూసి కాగితం మీద తోలినట్టుంది, అయినా చదువుకున్నాను.

ప్రయోగాత్మక చిత్రమా. సంతోషం. ముప్పై ఏడేళ్ళు ల్యాబులో గ్రేడింగ్ చేసిన దాన్ని, అవి నా బల్ల మీదికీ వచ్చేవి. గ్రేడింగ్ అంటే నీ ప్రొఫెసర్లకి తెలుసో లేదో, ఒక షాటు వెలుగ్గా, ఒక షాటు మసగ్గా తీసి పడేస్తే అన్నీ ఒక్క పూటలో తీసినట్టు సరిచేసి ప్రింటు వేయించే పని. ఒక కుర్రాడు ఎనిమిది నిమిషాలు గోడ తీసుకొచ్చాడు. ఫోకస్ లేదు. "తప్పిందా బాబూ" అంటే "అది నా అంతర్మథనం మేడం" అన్నాడు. ఆడలేక మద్దెల ఓడు అన్నారు పెద్దలు. ఇతను మద్దెల కూడా తేలేదు. మేము కోసి చెత్తబుట్టలో వేసే ముక్కలకి మీరక్కడ పట్టాలిస్తున్నారన్న మాట. నువ్వేమో మంచి ఫిలిం మీద ఆముదం రాస్తానంటున్నావు. ఆముదం తలకి రాసుకో, కాస్త చల్లబడుతుంది.

డబ్బా పంపను. సింగపూర్ తేమకి నెగటివ్ నెల తిరక్కుండా బూజు పడుతుంది. నా దగ్గర పని నేర్చుకున్న నవనీత్ ఇప్పుడు సొంతంగా స్కానింగు మిషను పెట్టుకున్నాడు. నేనే పక్కన కూర్చుని చేయిస్తాను.

ఆ పెళ్ళి గురించి మీ అమ్మ ఏం చెప్పిందో నాకు తెలియదు కాబట్టి నేను చెబుతాను. మీ నాన్న మసూద్ మా స్టూడియోలో లైట్‌మ్యాన్. హీరోయిన్ల ముఖం మీద వెలుగు పడేట్టు దీపాలు మోసేవాడు. మీ అమ్మ సూర్యకుమారి నాకని క్యారేజీ తెచ్చేది. అందులో సగం అతనికి పోతోందని నాకు ఆర్నెల్లకి గానీ తెలియలేదు. పెళ్ళంటే మా వాళ్ళందరూ ముఖాలు తిప్పుకున్నారు. మా వైపు నుంచి వెళ్ళింది నేనొక్కదాన్నే. ఊరంతా వీడియోలు తీయించుకుంటున్న రోజుల్లో, షూటింగుల్లో మిగిలిన ఫిలిం పోగేసి, అరువు కెమెరాతో నేనే తీశాను. అంతకంటే మంచి కానుక నా చేతిలో లేదు.

మీ నాన్నని పెళ్ళికొడుకులా చూపిస్తాను, చూస్తూ ఉండు. ఆ గది ఇంటాయనకి నా తరఫున ఒక మాట చెప్పు: మనిషిని చూశాక మారే మాట మగవాడి మాట కాదని.

ఆశీస్సులతో,
పెద్దమ్మ


క్లెమెంటి
3 మార్చి 2024

పెద్దమ్మకి,

నువ్వు పక్కన కూర్చోవద్దు. ఇది చదవగానే నవనీత్ గారికి ఫోన్ చేసి చెప్పు. స్కాన్ చేసింది చేసినట్టు కావాలి. దుమ్ము కూడా తుడవద్దు. నీ పనితనం మీద నాకు గౌరవం లేక కాదు, కొంచెం లేకపోయినా అది ఇప్పుడు విషయం కాదు. నా సినిమాలో నలుపు నలుపుగానే ఉండాలి. దాన్ని ఎవరూ సరిచేయకూడదు.

నిన్న ఒక తమాషా జరిగింది. జురాంగ్ ఈస్ట్‌లో హాకర్ సెంటర్‌కి వెళ్ళాను. అంటే వరసగా తిండి కొట్లు, మధ్యలో బల్లలు. ఇక్కడ కుర్చీ మీద టిష్యూ ప్యాకెట్ పెడితే ఆ కుర్చీ మనదైనట్టు లెక్క, దాన్ని చోప్ అంటారు. ఒక బల్ల దగ్గర ఇద్దరు పనివాళ్ళు తింటున్నారు, మూడో కుర్చీ మీద ప్యాకెట్ ఉంది. వాళ్ళలో పెద్దాయన నన్ను చూసి పక్కవాడితో తెలుగులో అన్నాడు: "ఏ దేసపుదిరా ఈయమ్మ, బొగ్గులోంచి లేసొచ్చినట్టుంది."

"హైదరాబాద్ అన్నా. ఆ కుర్చీ ఖాళీయేనా?" అన్నాను.

నోట్లో ముద్ద అలాగే ఉండిపోయింది ఆయనకి. పేరు వెంకటరాజు, శ్రీకాకుళం వైపు, షిప్‌యార్డులో ఓడలకి రంగులేస్తాడు. లేచి వెళ్ళి నాకు టీ కొని తెచ్చి "నా సెల్లి కూడా నలుపేనమ్మా, నోరు జారీసినాను, ఏటీ అనుకోకు" అన్నాడు. చెల్లెల్ని కూడా బొగ్గు అంటావా అన్నా అని అడిగితే "అంతానమ్మా, అదీ అంతాది నన్ను" అని ఒప్పుకున్నాడు. నా ప్రొఫెసర్ల కంటే ఈయన నయం, కనీసం మాట దాచుకోలేదు. సినిమా తీస్తున్నానంటే "పైటింగులుంటాయా?" అన్నాడు. చీకటీ దరువులూ ఉంటాయన్నాను. "మరెందుకు తీడం?" అన్నాడు. నువ్వూ ఆయనా కలిస్తే బాగా కుదురుతుంది.

మళ్ళీ చెబుతున్నా. ఏమీ చేయవద్దు.

అమూల్య


కృష్ణానగర్
6 మార్చి 2024

బంగారూ,

పోస్టు కంటే ముందే సినిమా నీకు అందుతుంది. మా పై వాటాలో ఉండే గణపతి గారి అమ్మాయి సుస్మిత అక్కడే రిసెర్చి చేస్తోంది, సెలవులకి వచ్చి రేపు తిరిగి వెళుతోంది. ఆమె చేతికి పెన్ డ్రైవ్ ఇచ్చాను, ఈ ఉత్తరం కూడా.

నాలుగు రోజులు కూర్చున్నాను. నవనీత్ మొదటి రోజే "చాలు మేడం" అన్నాడు. వాడికి ఎప్పుడూ తొందరే. మీ అమ్మ చీర నలగకుండా, షామియానా ఎరుపు పొంగకుండా, మీ నాన్న ముఖం ఒక్కటీ విడిగా పట్టుకుని వెలుగు ఎత్తించాను. మా రోజుల్లో ముఖాన్ని ఇలా విడదీయడానికి వీలే లేదు, మొత్తం షాటు ఎత్తాల్సిందే. ఇప్పుడు ముఖానికి ముఖం, చేతికి చెయ్యి. చివరికి గోధుమ రంగుకి వచ్చాడు. నిజం చెబుతున్నాను, ఏ హీరోకీ నేనింత చాకిరీ చేయలేదు. మీ ప్రదర్శనకి వచ్చినవాళ్ళు "ఇంత అందగాడా" అనకపోతే నన్నడుగు.

ఇక మీద దాని మీద ఏ గీతలూ గీయకు. నీ అంతర్మథనం గోడల మీద చేసుకో.

చూడగానే ఉత్తరం రాయి. రెండు ముక్కలైనా సరే.

ప్రేమతో,
పెద్దమ్మ


క్లెమెంటి
17 మార్చి 2024

భానుమతి గారికి,

మీరు పంపిన సినిమా చూశాను. పెళ్ళికూతురు మా అమ్మ. ఆమె పక్కన కూర్చున్నాయన ఎవరో నాకు తెలియదు.

ముఖం మైదాపిండితో అద్దినట్టుంది. ముక్కూ చెంపా కలిసిపోయాయి. కదిలినప్పుడల్లా ముఖం మీద చీమలు పాకుతున్నట్టు చుక్కలు. మెడ నలుపు, ముఖం గోధుమ, చెయ్యి మళ్ళీ ఇంకో రంగు. నాన్న ఎడమ చెంప మీద లైటు స్టాండు తగిలిన గాటు ఉండేదని, తను దాన్ని వేలితో తడిమేదాన్నని అమ్మ ఎన్నోసార్లు చెప్పింది. ఆ గాటే లేదు. నున్నగా తుడిచేశారు. వెంకటరాజు అన్నకి చూపిస్తే "ఈ బాబెవలు? నీ పోలికే నేదు" అన్నాడు. ఫైటింగులు కావాలన్న మనిషికి తెలిసింది, ముప్పై ఏడేళ్ళు ముఖాలు చూసిన మీకు తెలియలేదు.

మీరెందుకు చేశారో నాకు తెలుసు. అమ్మ చెప్పకపోయినా పిల్లలకి తెలుస్తుంది. నాకు ఆరేళ్ళు వచ్చేదాకా మీరు మా ఇంటి గడప తొక్కలేదు. నాన్న పోయాక వచ్చారు, అదీ ఆయన లేరు కాబట్టి. నా పదో పుట్టినరోజుకి మీరు తెచ్చిన ఫెయిర్‌నెస్ క్రీము నేను మర్చిపోలేదు. చుట్టాలు "కాకి పిల్ల కాకికి ముద్దు" అంటే మీరూ నవ్వారు. ఆ పెళ్ళికి వెళ్ళింది మీరొక్కరేనని గొప్పగా రాశారు. వెళ్ళి ఏం చేశారు? పెళ్ళికొడుకు మీకు సిగ్గనిపించాడు. అప్పుడు ఏమీ చేయలేక, ముప్పై నాలుగేళ్ళు ఆగి, మిషను దొరకగానే ఆయనకి సున్నం కొట్టారు.

ఇంకొక మాట. నా సినిమాలో ఇది ఉన్నదున్నట్టుగా వాడతాను. కింద "రంగుల దిద్దుబాటు: మా పెద్దమ్మ" అని పేరు వేస్తాను. మీ పనితనం పది మందీ చూడాలి కదా.

అమూల్య


కృష్ణానగర్
30 మార్చి 2024

అమూల్య గారికి,

మీరు నన్ను గారు అన్నారు, నేను మిమ్మల్ని గారు అన్నాను. సరిపోయింది. ఇక మామూలుగా మాట్లాడతాను, నీకు జ్వరం వస్తే మీ అమ్మ డ్యూటీకి వెళ్ళాక రాత్రింబవళ్ళు ఎత్తుకుని తిరిగినదాన్ని.

పేరు వేసుకో. నాకేం భయం లేదు. ఎన్నో సినిమాలకి చేశాను, ఒక్కదాని మీదా నా పేరు పడలేదు. నీ పుణ్యాన తెర మీద చూసుకుంటాను.

"ఏమీ చేయవద్దు" అన్న నీ ఉత్తరం పెన్ డ్రైవ్ పంపిన ఎనిమిదో రోజున వచ్చింది. ముందే వచ్చినా వినేదాన్ని కాదేమో. క్రీము సంగతి నిజం. నవ్వడమూ నిజం. గడప తొక్కని ఆరేళ్ళ సంగతి మాత్రం నీకు సగమే తెలుసు.

నేను మొదట్లో మద్రాసు ల్యాబులో చేరినప్పుడు రోజూ పొద్దున్నే మొదట చూసే ముఖం ఒక తెల్లావిడది. ఫిలిం కంపెనీ వాళ్ళే పంపేవారు ఆ ముక్క. ఆవిడ పక్కన రంగుల గళ్ళు. ఆవిడ చర్మం సరిగ్గా వచ్చిందంటే మిషను సరిగ్గా ఉన్నట్టు. మేము ఆవిడకి దొరసాని అని పేరు పెట్టుకున్నాం. దొరసాని ముఖం కుదిరాకే మిగతా పని. హీరో ముఖం ఆవిడకి ఎంత దగ్గరగా వస్తే నిర్మాత అంత సంతోషించేవాడు. "రెండు పాయింట్లు ఎత్తమ్మా భానుమతీ" అనేవారు. అన్నేళ్ళూ ఎత్తుతూనే ఉన్నాను. నా కన్ను అక్కడ తయారైంది. అదే కన్నుతో మీ అమ్మ పెళ్ళికి వెళ్ళాను.

1990లో కూడా ఒక ప్రింటు వేశాను. అప్పుడూ ఎత్తే వేశాను. ల్యాబులో బుల్లి తెర మీద మీ అమ్మా నాన్నలని కూర్చోబెట్టి చూపించాను. మీ నాన్నకి తెర మీద తన ముఖం కోసం వెతుక్కునే అలవాటు లేదు. మీ అమ్మ అంది, "అక్కా, ఈయనెవరు?" అని. నేను వేళాకోళం అనుకుని నవ్వాను. ఆ తర్వాత ఆరేళ్ళు నన్ను ఇంటికి రమ్మనలేదు. నేనూ పట్టింపుకి పోయి అడగలేదు. తాను పట్టిన కుందేటికి మూడే కాళ్ళనే రకం మేమిద్దరం. ఇప్పుడు నీ ఉత్తరంలో అదే మాట చదివాను, ఆయనెవరో నాకు తెలియదని. ఉత్తరం మడిచి పెట్టి అన్నం మానేశాను ఆ పూట.

సిగ్గుపడి ఎత్తానన్నావు. విను. ఎత్తకపోతే అక్కడ ఏమీ లేదు.

నెగటివ్‌లో అన్నీ తలకిందులు. తెలుపు నల్లగా ముద్ద కడుతుంది, నలుపు పలచగా ఉంటుంది. మంచి వెలుతురులో తీస్తే నల్లటి ముఖంలో కూడా గీతలూ నీడలూ అన్నీ పడతాయి. వెలుతురు చాలకపోతే ఆ చోటు అద్దంలా ఖాళీగా మిగులుతుంది. షామియానా కింద నీడ. మీ అమ్మ తెల్లచీరలో, పసుపు రాసుకుని మెరిసిపోతోంది. వెలుతురు కొలిచే మీటరు ఆమె ముఖం దగ్గర పెట్టి చూశాను, ఆ లెక్కకే కెమెరా బిగించాను. అతను పక్కనే రెండడుగుల దూరంలో కూర్చున్నాడు. లేచి వెళ్ళి మీటరు అతని ముఖం దగ్గర ఒక్కసారి పెట్టాల్సింది. ఈ పని తెలిసినదాన్ని. పెట్టలేదు. సిగ్గుతో కాదు. తట్టలేదు నాకు. సిగ్గు పడి ఉంటే బాగుండేది, కనీసం అతన్ని చూసినట్టు ఉండేది.

కాబట్టి రీలంతా మీ అమ్మ పక్కన ఒక ఖాళీ కూర్చుని ఉంది. దానికి కళ్ళూ పళ్ళూ ఉన్నాయి. నాలుగు రోజులు నేను ఎత్తింది ఆ ఖాళీని. గాటు నేను తుడవలేదు, అది ఫిలిం మీద పడనే లేదు. నీకు ఇవ్వడానికి ముఖం లేక, ఒకటి తయారు చేసి పంపాను. ఇది నీకు ఈ జన్మలో చెప్పకూడదనుకున్నాను.

పెద్దమ్మ


క్లెమెంటి
9 ఏప్రిల్ 2024

పెద్దమ్మకి,

ఉత్తరం అందింది. క్షమించమని నేను అడగను, నువ్వూ అడగలేదు. అన్నం మాత్రం మానేయకు, నీకు షుగరుంది.

నీ ఉత్తరంలో సంగతి క్లాసులో చెప్పాను. చెప్పకుండా ఉండాల్సింది. ప్రొఫెసర్లకి పండగైపోయింది. నన్ను బ్లాక్ ఎలా అవుతావని అడిగిన ఆవిడే ముందుకు వంగి "ఎంత శక్తివంతమైన శూన్యం" అంది. ఆ ఖాళీనే ఇరవై నిమిషాలూ చూపించమంది. దాని మీద తనొక వ్యాసం రాస్తుందట. రెండో ఆయన నోట్సు రాసుకున్నాడు. నాన్న కనపడకపోవడం వాళ్ళకి తెగ నచ్చింది. కనపడి ఉంటే ఇంత నచ్చేవాడు కాడు.

ఇంటికొచ్చాను. గీతాంజలి ఆంటీ పులిహోర పెట్టింది, రాజారావు అంకుల్ సినిమా ఎంతవరకొచ్చిందని అడిగాడు, "యాక్చువల్లీ" అనకుండా. నాకు ఎవరి మీదా కోపం రాలేదు, దాంతో ఇంకా భయమేసింది. ఇన్నాళ్ళూ నలుపు, చీకటి, ఖాళీ అని నేనూ పెద్ద పెద్ద మాటలే మాట్లాడాను. అర్థాలు వాళ్ళే ఉంచుకోనీ. నాకు నాన్న ముఖం కావాలి. ముక్కు ఎలా ఉండేదో, నవ్వితే చెంపలు ఎటు లేచేవో, అంతే.

అది లేదంటున్నావు. సరే. ఖాళీనైనా ఎత్తకుండా పంపు. నువ్వు తీసింది తీసినట్టు. దాని మీద గీతలు గీయను, ఆముదం రాయను. శక్తివంతం అని ఎవరన్నా అంటే ఆ పక్కన నీ ఉత్తరం చదివి వినిపిస్తాను.

అమూల్య

తా.క. రంగుల దిద్దుబాటు కింద నీ పేరు తీసేశాను. కెమెరా కింద వేశాను. అది కూడా నీకు తిట్టే కదా.


కృష్ణానగర్
22 ఏప్రిల్ 2024

అమూలూ,

తిట్టు బాగానే తగిలింది. ఉంచు.

అన్నం తింటున్నాను. నీ ప్రొఫెసరమ్మకి చెప్పు, శూన్యం అంత ఇష్టమైతే మా ల్యాబు పాత గదిలో కావలసినంత ఉంది, ఇప్పుడక్కడ ఫంక్షన్ హాలు కట్టారు.

నువ్వడిగినట్టు ఎత్తకుండా స్కాన్ చేయిద్దామని నెగటివ్ మళ్ళీ బయటికి తీశాను. రీలు మొదట్లో అతుకు చూసి నాకొకటి గుర్తొచ్చింది. నీ సినిమాలో వాడని సంగతి కాబట్టి నీకు తెలియదు: ఏ రీలైనా మొదలుపెట్టే ముందు గ్రే కార్డు తీయాలి. అరచెయ్యంత బూడిద రంగు అట్ట. ఎవరో ఒకరు కెమెరా ముందు పట్టుకుంటారు. ల్యాబులో దాన్ని చూసి రంగులు సరిపెట్టుకున్నాక ఆ ముక్క కోసేస్తాం. అది సినిమా కాదు, ఎవరూ చూడరు. ఆ ముక్కని నేనే కోశాను, 1990లో.

కోసిన ముక్కని సినిమా విడుదలయ్యేదాకా పారేయకూడదని మా ల్యాబు కట్టుబాటు. మీ అమ్మ పెళ్ళి సినిమా ఎక్కడా విడుదల కాలేదు కదా. అటక మీద బిస్కట్ డబ్బాలో ఉంది, నా చేత్తో చీటీ కట్టి. "సూర్యం పెళ్ళి, కార్డు, పన్నెండు సెకన్లు, అనవసరం" అని రాసి ఉంది.

ఆ రోజు షామియానాలోకి వెళ్ళకముందు, వాళ్ళింటి ముందు పొద్దుటి ఎండలో తీశాను. చుట్టూ మర్ఫా వాళ్ళు డప్పులు కాచుకుంటున్నారు. కార్డు పట్టుకోవడం అక్కడ ఎవరికీ రాదు. ఒకడు తలకిందులుగా, ఒకడు కడుపు మీద పట్టుకున్నాడు. నేను కసురుతుంటే పెళ్ళికొడుకే వచ్చి తీసుకున్నాడు. రోజూ చేసే పనే కదా అతనికి. గెడ్డం పక్కన నిటారుగా పట్టుకుని నిలబడ్డాడు.

కిటికీ దగ్గర భూతద్దం పెట్టి చూశాను. నెగటివ్ నిండుగా ఉంది. నవనీత్ స్కాన్ చేశాడు, నేను బయట బెంచీ మీద కూర్చున్నాను, లోపలికి వెళ్ళలేదు. ఎత్తని రీలుతో పాటు ఆ ముక్క స్కాను కూడా నీకే పంపుతున్నాను, ఇది తెస్తున్నది మళ్ళీ గణపతి గారే, కూతురి దగ్గరకి వస్తున్నారు. మేము చెత్తబుట్టలో వేసే ముక్కలకి మీరు పట్టాలిస్తారని రాశాను. ఇదిగో, చెత్తబుట్ట ముక్క.

దానికి సౌండు లేదు కాబట్టి ఏం మాట్లాడుకున్నామో చెబుతాను. అప్పటిదాకా నన్ను మేడం అనేవాడు. ఆ పొద్దున మొదటిసారి వేరేగా పిలిచాడు. "వదినా, మీటరు నా మొహానికి పెడుతున్నవా, కార్డుకా?" అన్నాడు.

"కార్డుకే. నువ్వు కదలకు" అన్నాను.

దానికి నవ్వాడు. ఆ నవ్వు మొత్తం పడింది. రెండు చెంపలూ ఉన్నాయి, ఎడమ చెంప మీద గాటు ఉంది, నవ్వితే ఆ చెంప నీకు లాగే కుడివైపు కంటే కాస్త పైకి లేస్తుంది. నేను చూసింది కార్డుని.

నేను ఏమీ ఎత్తలేదు. నువ్వు ఏమీ గీయకు.

పెద్దమ్మ